మా పాప పేరులోని గకారం: బ్యాంకాక్ ఎంబసీల చుట్టూ తొమ్మిది నెలలు

2023 జూలై మొదటి వారంలో, బ్యాంకాక్‌లోని సుఖుంవిత్ ప్రాంతంలో ఉన్న ఒక ఆసుపత్రిలో మాకు పాప పుట్టింది. మాది తెనాలి. నేను అప్పటికి ఆరేళ్లుగా బ్యాంకాక్ తూర్పు శివార్లలోని ఒక వాహన విడిభాగాల కర్మాగారంలో నాణ్యతా విభాగంలో పనిచేస్తున్నాను. పురుడు పోయడానికి నరసరావుపేట నుంచి మా అత్తయ్యగారు వచ్చి ఉన్నారు. పాపకు మూడో నెల రాగానే అందరం కలిసి ఊరికి వెళ్లాలనీ, అన్నప్రాశన తెనాలిలోనే జరపాలనీ మేము ముందే అనుకున్నాము. పాస్‌పోర్టు అంటే ఒక దరఖాస్తు, ఒక ఫోటో, రెండు వారాల నిరీక్షణ అన్నంతవరకే నా ఊహ సాగింది. పుట్టిన బిడ్డ కాగితం మీద ఏ దేశానికీ చెందకుండా కొన్ని వారాలు ఉంటుందన్న సంగతి, ఆ బిడ్డను ఒళ్లో పెట్టుకున్న తరవాతగాని నాకు తెలియలేదు.

థాయ్‌లాండ్ గడ్డ మీద పుట్టినంత మాత్రాన థాయ్ పౌరసత్వం రాదు. తల్లిదండ్రులిద్దరూ తాత్కాలికంగా నివసిస్తున్న విదేశీయులైతే ఆ దేశపు చట్టం బిడ్డను తన పౌరుల్లో కలుపుకోదు. ఇక మన చట్టం చూస్తే, 2004 డిసెంబరు 3 తరవాత విదేశంలో పుట్టిన బిడ్డకు తల్లిదండ్రులు భారతీయులైనంత మాత్రాన పౌరసత్వం దానంతట అదే సంక్రమించదు. పుట్టిన ఏడాదిలోగా ఆ దేశంలోని భారత దౌత్య కార్యాలయంలో జననాన్ని నమోదు చేయించాలి. బిడ్డకు వేరే దేశపు పాస్‌పోర్టు లేదని తల్లిదండ్రులు రాసివ్వాలి. ఏడాది దాటితే కేంద్ర ప్రభుత్వ అనుమతి కావాలి. విదేశంలో కాపురం చేస్తున్న మన దంపతుల్లో చాలామందికి ఈ గడువు సంగతి తెలియదు. ఆ నమోదు లేకుండా పాస్‌పోర్టు లేదు; పాస్‌పోర్టు లేనిదే విమానం లేదు.

మొదటి కాగితం మాత్రం ఎంబసీలో పుట్టదు, స్థానిక కార్యాలయంలో పుడుతుంది. థాయ్‌లాండ్‌లో జననాన్ని పదిహేను రోజుల్లోగా జిల్లా కార్యాలయంలో తెలపాలి. బ్యాంకాక్‌లో ఆ జిల్లాను ‘ఖేత్’ అంటారు. మన ‘క్షేత్రం’ పాళీ మీదుగా నడిచి అలా మారింది. మాది వత్తన ఖేత్, అంటే మన భాషలో ‘వర్ధన’. వారిచ్చే జనన పత్రం పేరు ‘సూతిబత్’, అది సాక్షాత్తూ మన సూతిపత్రమే. అందులో పుట్టిన సంవత్సరం 2023 అని ఉండదు, బౌద్ధ శకం ప్రకారం 2566 అని ఉంటుంది. చాంద్రమానపు తిథి, ఆ ఏటి జంతువు కుందేలు కూడా ఉంటాయి. జాతకం రాయించడానికి వేరే కాగితమెందుకని అత్తయ్యగారు ఎంతో సంతోషించారు. సగం మాటలు మన ఇంటివిలాగే వినిపించే ఆ పత్రం లిపి తెలియని నాకు పూర్తిగా మూసుకుపోయిన పుస్తకంగా ఉండడం ఒక్కటే నన్ను కలవరపెట్టింది.

పేరు దగ్గర రెండు చిక్కులు వచ్చాయి. మన ఇళ్లలో బారసాల ఇరవై ఒకటో రోజున చేస్తాము. అప్పటిదాకా బిడ్డను అమ్మడు, చిట్టి అంటూ పిలుచుకుంటాము. ఆసుపత్రివారేమో రెండో రోజునే పేరడిగారు, ఎందుకంటే ఖేత్‌కు పంపే కాగితంలో ఆ గడి ఖాళీగా ఉండకూడదు. తెనాలికి ఫోన్ చేసి, నక్షత్రం చూపించి, చివరికి కాలం చేసిన మా నానమ్మ పేరే ఖాయం చేసుకున్నాము. ఆ పేరు గకారంతో మొదలవుతుంది. థాయ్ భాషలో గకార ధ్వని లేదు. మన గకారానికి వారసురాలైన అక్షరం వారి లిపిలో ఉంది గాని, దాన్ని వారు ఖకారంలాగా పలుకుతారు. విఘ్నేశుణ్ణి కూడా వారు భక్తితో ‘ఫిక్ఖనేత్’ అనే పిలుస్తారు. నర్సు ఆ అక్షరంతోనే పేరు రాసింది, తప్పేమీ లేదు. కాని ఆ థాయ్ రాతను తిరిగి ఇంగ్లిషులోకి మార్చేవారు ధ్వనిని బట్టి మారుస్తారు, అప్పుడు మా నానమ్మ పేరు ఖకారంతో మొదలవుతుంది. ఇది తరవాత నాలుగు కార్యాలయాల్లో నాకు ఎదురు నిలబడింది.

రెండో చిక్కు ఇంటిపేరు. థాయ్‌లాండ్‌లో 1913 దాకా సామాన్యులకు ఇంటిపేర్లు లేవు. ఆరో రామరాజు చట్టం చేసి ప్రతి కుటుంబమూ ఒక పేరు పెట్టుకోవాలని ఆదేశించాడు. కాబట్టి వారి పత్రాల్లో సొంత పేరు ముందు, ఇంటిపేరు వెనక, ఎప్పుడూ అదే వరస. మా ఆవిడ పాస్‌పోర్టులో పుట్టింటి ఇంటిపేరు ఉంది, పెళ్లయ్యాక మార్చుకోలేదు. పైగా పదో తరగతి సర్టిఫికెట్‌లో ఉన్న వరసలోనే, అంటే ఇంటిపేరు ముందు వచ్చేలా, మొత్తం పేరు ఒకే గడిలో అచ్చయింది. ఆసుపత్రి ఉద్యోగి మొదటి మాటను సొంత పేరుగా, చివరి మాటను ఇంటిపేరుగా తీసుకుని సూతిబత్‌లో తల్లి పేరును తలకిందులు చేశాడు. ఆ రోజు పక్కన నిలబడి కూడా నేను చదవలేకపోయాను.

సుఖుంవిత్ 23వ సోయిలో, అంటే సందులో, ప్రసాన్‌మిత్ అనే చోట మన ఎంబసీ ఉంది. సూతిబత్, దాని ఇంగ్లిషు అనువాదం పట్టుకుని నేను నేరుగా అక్కడికే వెళ్లాను. కౌంటర్ వెనక ఉన్న ఉద్యోగిని కాగితాలను తిప్పి వెనక వైపు చూసి, “దీని మీద థాయ్ విదేశాంగ శాఖ ముద్ర లేదు సార్, అది వేయించుకుని రండి” అని మెత్తగా చెప్పింది. థాయ్ ప్రభుత్వమే ఇచ్చిన పత్రానికి మళ్లీ థాయ్ ప్రభుత్వ ముద్ర ఎందుకని అడిగాను. ఆమె తీరికగా ఇచ్చిన జవాబు ఆ తరవాతి తొమ్మిది నెలలూ నాకు దారి చూపింది. ఒక దేశంలో వందలాది జిల్లా కార్యాలయాలు, ఆసుపత్రులు, కళాశాలలు ఉంటాయి; వాటిలో ఎవరి సంతకం అసలుదో, ఎవరిది కాదో పరాయి దేశపు ఎంబసీకి తెలిసే వీలు లేదు. ఆతిథ్య దేశపు విదేశాంగ శాఖలో ఆ పని చూసే కొద్దిమంది అధికారుల సంతకాలు, ముద్రల నమూనాలు మాత్రమే ఎంబసీల దగ్గర ఉంటాయి. కాబట్టి ఖేత్ సంతకాన్ని విదేశాంగ శాఖ ధ్రువీకరిస్తుంది, విదేశాంగ శాఖ సంతకాన్ని ఎంబసీ ధ్రువీకరిస్తుంది. ప్రతి ముద్రా తన ముందున్న ముద్ర నిజమని మాత్రమే చెబుతుంది. లోపల రాసిన విషయం నిజమని ఏ ముద్రా చెప్పదు. మొదటి కాగితంలో తప్పుంటే ఆ తప్పు ముద్ర తరవాత ముద్ర వేయించుకుని మరింత గట్టిపడుతుంది.

ఈ గొలుసును తెంచడానికే 1961లో హేగ్‌లో అపాస్టిల్ ఒప్పందం కుదిరింది. అందులో చేరిన దేశాల మధ్య ఒకే ఒక్క ధ్రువపత్రం సరిపోతుంది, ఎంబసీ ముద్ర అక్కర్లేదు. భారతదేశంలో అది 2005 నుంచి అమల్లో ఉంది. ఆగ్నేయాసియాలో ఫిలిప్పీన్స్ 2019లోనూ, సింగపూర్ 2021లోనూ, ఇండోనేషియా 2022లోనూ ఆ పద్ధతిలోకి వచ్చాయి. మేము ఈ పని చేసుకున్న నాటికి థాయ్‌లాండ్ గాని, ఆ తరవాత మాకు అవసరం పడిన వియత్నాం గాని చేరలేదు. జకార్తాలో ఉన్న నా మిత్రుడు ఒక్క కాగితంతో ముగించుకున్న పనికి నేను మూడు గుమ్మాలు ఎక్కవలసి వచ్చింది.

ఇక్కడే ఇంకో అపోహ గురించి చెప్పాలి. నాతో పనిచేసే ఒకతను, ఎంబసీ లోపలి నేల భారత భూభాగమే కాబట్టి అక్కడ అన్నీ మన పద్ధతిలోనే జరగాలని నాతో గట్టిగా వాదించాడు. అది నిజం కాదు. 1961 నాటి వియన్నా ఒప్పందం ప్రకారం ఆతిథ్య దేశపు అధికారులు రాయబారి అనుమతి లేకుండా ఎంబసీలోకి అడుగు పెట్టకూడదు. ఆ ఆవరణకు, పత్రాలకు రక్షణ ఉంది. కాని నేల మాత్రం ఆతిథ్య దేశానిదే. తన పౌరులకు పాస్‌పోర్టులివ్వడం, జనన మరణాలు నమోదు చేయడం, కష్టంలో ఉన్నవారిని ఆదుకోవడం అన్నవి కాన్సులర్ పనులుగా 1963 నాటి మరో వియన్నా ఒప్పందంలో రాసి ఉన్నాయి. అవి కూడా ఆతిథ్య దేశపు చట్టానికి లోబడే సాగాలి. థాయ్‌లో ఎంబసీని ‘సథాన్ తూత్’ అంటారు, అంటే దూత ఉండే స్థానం. దూతకు ఇంట్లో గౌరవం ఎంత ఉన్నా, ఊరు మాత్రం ఆ ఊరివారిదే కదా.

థాయ్ విదేశాంగ శాఖలోని కాన్సులర్ విభాగం నగరానికి ఉత్తరాన, లక్సి దగ్గర చెంగ్ వత్తన రోడ్డు మీద ఉంది. ఆన్‌లైన్‌లో ముందుగా సమయం తీసుకోవాలి. ఒక్కో ముద్రకు 200 బాత్, అదే రోజు కావాలంటే 400. ఆ రోడ్డు మీద మోనోరైలు పనులు అప్పటికి ఇంకా ముగియలేదు. మా ఇంటినుంచి టాక్సీలో గంటన్నర పట్టింది. అక్కడ నాకు ఆశ్చర్యం కలిగించినది, అధికారులు ముద్ర వేసి పంపెయ్యరు. థాయ్ మూలాన్నీ ఇంగ్లిషు అనువాదాన్నీ పక్కపక్కన పెట్టుకుని అక్షరం అక్షరం సరిచూస్తారు. నా వంతు వచ్చాక ఒక యువ అధికారి ఎర్ర కలంతో మూడు చోట్ల గుర్తులు పెట్టాడు. పాప పేరు ఖకారంతో ఉంది. తల్లి పేరు పాస్‌పోర్టుతో కలవడం లేదు. పుట్టిన సంవత్సరాన్ని అనువాదకుడు ఒక చోట 2023గా మార్చి, ఇంకో చోట 2566గానే వదిలేశాడు.

అనువాదం చేసినవారి మీద నాకు కోపం వచ్చిన మాట నిజం. ధ్రువీకృత అనువాదమని చెప్పి రుసుము తీసుకున్న చోట, తల్లి పాస్‌పోర్టు నకలు చేతిలో ఉండగా కూడా, దాన్ని ఒక్కసారి తెరిచి చూడలేదు. కాని ఆ యువ అధికారి చెప్పిన మాట నా కోపాన్ని మరో వైపు మళ్లించింది. పాప పేరు, సంవత్సరం అనువాదంలో దిద్దుకుంటే చాలు. ఆసుపత్రి ఇంగ్లిషులో ఇచ్చిన జనన లేఖలో పేరు గకారంతో ఉంది కాబట్టి దాన్ని జత చేస్తే ఒప్పుకుంటానన్నాడు. తల్లి పేరు మాత్రం థాయ్ మూలంలోనే తప్పు. దాన్ని అనువాదకుడు సరిచేస్తే అది అనువాదం కాదు, దిద్దుబాటు అవుతుంది. అది ఖేత్ మాత్రమే చేయగలదు. “ముందు అక్కడికి వెళ్లండి” అని ఇంగ్లిషులో చెప్పి, అదే మాట థాయ్‌లో ఒక చీటీ మీద రాసిచ్చాడు. నన్ను తిప్పి పంపిన మనిషే అయినా, అతణ్ణి నేను కృతజ్ఞతతోనే తలచుకుంటాను. అతను చూసీ చూడనట్లు ముద్ర వేసి ఉంటే, మా ఆవిడ మా పాపకు తల్లి అని రుజువు చేసుకోవడానికి ఆ తరవాత ఎన్నేళ్లు పట్టేదో.

ఖేత్‌లో దిద్దుబాటుకు తల్లి స్వయంగా రావాలన్నారు. నెల రోజుల బాలింతను అత్తయ్యగారు గడప దాటనివ్వలేదు. పాలు తాగే బిడ్డను వదిలి ఎలా వెళ్తావనీ, ఎండలో ఎలా నిలబడతావనీ ఆవిడ అడిగినదాంట్లో అన్యాయమేమీ లేదు. రెండు రోజులు ఇంట్లో ఈ మాటలతోనే గడిచాయి. చివరికి చెవులకు గుడ్డ కట్టుకుని, పాపను ఎత్తుకుని, అందరం కలిసే వెళ్లాము. అత్తయ్యగారు ఫ్లాస్కులో వేడినీళ్లు తెచ్చారు. ఖేత్ ఉద్యోగిని బిడ్డను చూడగానే లేచి, వరస పక్కన పెట్టి, మమ్మల్ని లోపలి గదిలో కూర్చోబెట్టింది. పాస్‌పోర్టు చూసి, దాని థాయ్ అనువాదం చూసి, పాత పత్రంలో తల్లి పేరును సరిచేసి, అధికారి సంతకం పెట్టించి ఇచ్చింది. ఈసారి నేను అక్షరాలు చదవలేకపోయినా, థాయ్ తెలిసిన సహోద్యోగిని ఫోన్‌లో ఉంచి, ఒక్కో పేరూ ఆ ఖేత్ ఉద్యోగిని చేత బిగ్గరగా చదివించుకున్నాను.

ఈలోగా సెలవులు అడ్డువచ్చాయి. ఎంబసీలతో పని ఉన్నవారు రెండు దేశాల క్యాలెండర్లనూ ముందు పెట్టుకోవాలి. ఆ ఏడాది ఆగస్టు 1న థాయ్‌వారికి ఆషాఢ పూర్ణిమ పండుగ, మర్నాడు బౌద్ధ భిక్షువుల వర్షావాసం మొదలయ్యే రోజు. ఆగస్టు 12 మాతృదినోత్సవం శనివారం పడినందువల్ల సోమవారం థాయ్ కార్యాలయాలు మూసి ఉన్నాయి. మంగళవారం మన స్వాతంత్ర్య దినోత్సవం.

ఆ మంగళవారం పొద్దున మేము ఎంబసీవారు జరిపే జెండా వందనానికి వెళ్లాము. భారత్, థాయ్‌లాండ్‌ల దౌత్య సంబంధాలు 1947 ఆగస్టు 1న, అంటే మనకు స్వాతంత్ర్యం రావడానికి రెండు వారాల ముందే మొదలయ్యాయని అక్కడ ఒక పెద్దాయన చెప్పగా విన్నాను. జనగణమన మొదలైనప్పుడు పాప మా ఆవిడ భుజం మీద నిద్రపోతోంది. చుట్టూ ఉన్న అందరి దగ్గరా ఆ నీలం పుస్తకం ఉంది, ఈ ఒక్క ప్రాణికే లేదు. చట్టపు మాటల్లో అది ఒక గడువు లోపలి నమోదు వ్యవహారమే. కాని ఆ నిమిషంలో నాకు గొంతు పట్టేసింది, అది దాచుకోవలసిన సంగతి అనుకోను.

మూడు రోజుల తరవాత చెంగ్ వత్తనలో రెండోసారి సమయం దొరికింది. దిద్దిన సూతిబత్, వేరేవారి చేత చేయించిన కొత్త అనువాదం, ఆసుపత్రి లేఖ ఇచ్చాను. మధ్యాహ్నానికల్లా రెండు కాగితాల వెనకా ముద్రలు పడ్డాయి. ఆ ముద్ర పక్కన ఉన్న సంతకాన్ని చాలాసేపు చూశాను. మన ఎంబసీలో ఎక్కడో ఒక ఫైలులో దీని జోడు ఉంటుంది.

ఎంబసీ పనిలో జనన నమోదుకు ఒక దరఖాస్తు, పాస్‌పోర్టుకు మరొకటి, రెండూ ఆన్‌లైన్‌లోనే నింపాలి. మా ఇద్దరి పాస్‌పోర్టులు, మా వివాహ ధ్రువపత్రం, థాయ్‌లాండ్‌లో మా నివాస అనుమతి, ఇద్దరం సంతకం చేసిన ప్రకటన జత చేయాలి. దరఖాస్తులో పేరు పూర్తిచేసేటప్పుడు ఇంటిపేరును దాని గడిలోనూ, సొంత పేరును దాని గడిలోనూ వేరుగా రాయండి. మన పాత సర్టిఫికెట్ల వరసను అక్కడికి మోసుకువెళ్లవద్దు. మా పాప విషయంలో మేము మొదటి రోజునే అలా చేశాము. ఫోటో తీయడానికి ఒక పూట పూర్తిగా పట్టింది. తెల్లని నేపథ్యం, తెరిచిన కళ్లు, మూసిన నోరు, ముఖం మీద ఇంకెవరి చెయ్యీ పడకూడదు. ఆరు వారాల పసిపాప ఈ నాలుగింటినీ ఒకేసారి పాటించదు. తెల్ల దుప్పటి మీద పడుకోబెట్టి పైనుంచి తీసిన అరవయ్యో ఫోటో పనికివచ్చింది. దిష్టి చుక్క ముందుగానే తుడిచాము. సంతకం చోట వేసిన వేలిముద్ర శనగగింజంత ఉంది.

నిరీక్షణ గదిలో గడిపిన రెండు పూటలు నాకు ఎంబసీ అంటే ఏమిటో నేర్పాయి. అంతవరకూ నేను దాన్ని ప్రోటోకాల్, విందులు, నల్ల కార్లు ఉండే చోటుగానే ఊహించుకున్నాను. నా పక్కన విశాఖ కుర్రాడు ఒకడు కూర్చున్నాడు. పట్టాయాలో సంచి పోయి, పాస్‌పోర్టు కూడా దానితో పోయింది. పోలీసు ఫిర్యాదు కాగితం చేతిలో నలుగుతోంది. అతనికి ఇచ్చేది అత్యవసర ధ్రువపత్రం, దానితో స్వదేశానికి ఒక్కసారి వెళ్లవచ్చు. భాష కలిసేసరికి “అన్నా, నన్ను పంపిస్తారంటారా?” అని గంటలో నాలుగుసార్లు అడిగాడు. ఇంకొంచెం దూరంలో ఒక నడివయసు మనిషి ఎవరితోనూ మాట్లాడకుండా నిలబడి ఉన్నాడు. అతని తమ్ముడు బ్యాంకాక్‌లో గుండెపోటుతో పోయాడు. మరణాన్ని నమోదు చేసి, దేహాన్ని ఊరికి తీసుకువెళ్లడానికి ఎంబసీ అనుమతి పత్రం ఇవ్వాలి. కౌంటర్ ఉద్యోగి అతణ్ణి పేరుపెట్టి పిలిచి, కుర్చీ చూపించి, కాగితాలన్నీ తానే సర్దుకున్నాడు. ఒకే కిటికీ ముందు పుట్టుక కాగితంతో నేనూ, మరణం కాగితంతో అతనూ వరసలో నిలబడ్డాము. ఆ పూట నా టోకెను ఆలస్యమైందని నేను ఎవరినీ ఒక్క మాట అడగలేదు.

మా వంతులో అధికారి ముద్రలు చూసి, తల్లి పేరు మూడు పత్రాల్లో సరిచూసి, పాపకు ఇంకే దేశపు పాస్‌పోర్టయినా ఉందా అని మమ్మల్ని విడివిడిగా అడిగి సంతకాలు తీసుకున్నాడు. సెప్టెంబరు చివరి వారంలో జనన నమోదు పత్రమూ, అయిదేళ్ల పాస్‌పోర్టూ ఒకేసారి చేతికి వచ్చాయి. పుట్టిన ఊరు బ్యాంకాక్. పేరు గకారంతో ఉంది. అత్తయ్యగారు మాత్రం అది చూడలేకపోయారు. ఆవిడ వీసా గడువు ఆగస్టులోనే ముగిసి, బరువెక్కిన గుండెతో ఒంటరిగా ఊరికి వెళ్లిపోయారు. పాపకు థాయ్ నివాస అనుమతి కోసం ఇమిగ్రేషన్ కార్యాలయంలో మరో రెండు రోజులు పట్టింది, అక్కడ చెప్పుకోదగ్గ ఇబ్బందేమీ కలగలేదు. అయిదో నెలలో, డిసెంబరులో, తెనాలిలో అన్నప్రాశన జరిగింది.

అంతటితో ముగిసిందనుకున్నాను. 2024 ఫిబ్రవరిలో కంపెనీ నన్ను హనోయ్ శాఖకు బదిలీ చేసింది. భార్యాబిడ్డలకు అక్కడ నివాస అనుమతి కావాలంటే వివాహ పత్రం, జనన పత్రం రెండింటికీ వియత్నాం దౌత్య ముద్ర ఉండాలన్నారు. గొలుసు ఏ దేశపు కాగితానికి ఆ దేశంలోనే కట్టాలన్న సంగతి అప్పుడు పూర్తిగా అర్థమైంది. మా పెళ్లి పత్రం ఆంధ్రప్రదేశ్‌లో పుట్టింది కాబట్టి అది రాష్ట్ర స్థాయి ధ్రువీకరణ, ఆ పైన భారత విదేశాంగ శాఖ, ఆ పైన ఢిల్లీలోని వియత్నాం ఎంబసీ, ఈ వరసలో వెళ్లాలి; తమ్ముడు అయిదు వారాలు తిరిగి ఆ పని చేసిపెట్టాడు. పాప పత్రం బ్యాంకాక్‌లో పుట్టింది కాబట్టి చెంగ్ వత్తన, ఆ తరవాత బ్యాంకాక్‌లోని వియత్నాం ఎంబసీ. థాయ్‌లాండ్, వియత్నాం రెండూ ఆగ్నేయాసియా దేశాల కూటమి అయిన ఆసియాన్‌లో సభ్యులే అయినా ఈ విషయంలో ఏ మినహాయింపూ దొరకలేదు. మన ఎంబసీ ఇచ్చిన జనన నమోదు పత్రం చూపిస్తే చాలదా అని అడిగాను. అది పౌరసత్వానికి సంబంధించినది, జననానికి మూలం సూతిబత్ అని జవాబు వచ్చింది. ముద్ర ముందరి ముద్రనే చూస్తుందని నాకు మొదట్లోనే చెప్పిన ఉద్యోగిని గుర్తుకు వచ్చింది.

వియత్నాం ఎంబసీ ఉన్నది థానోన్ విత్థయు అనే వీధి మీద. థాయ్‌లాండ్ తొలి రేడియో కేంద్రం ఆ వీధిలో ఉండేది, దానివల్లే ఆ పేరు. రేడియోకు వారు పెట్టుకున్న ‘విత్థయు’ అన్న మాట మన ‘విద్యుత్’ నుంచి వచ్చింది. చెట్లు కమ్ముకున్న ఆ వీధిలోనే అమెరికా, జపాన్, నెదర్లాండ్స్, స్విట్జర్లాండ్ ఎంబసీలు ఉన్నాయి. ఆస్ట్రేలియా కూడా 2017లో అక్కడికే చేరింది. ఒకప్పుడు ఆ వీధి మొగలో బ్రిటిష్ ఎంబసీ విశాలమైన తోటతో ఉండేది. ఆ స్థలాన్ని రెండు విడతలుగా అమ్మేసి వారు 2019లో సాథోన్‌లోని ఒక కార్యాలయ భవనంలోకి మారిపోయారు. మొదట అమ్మిన భాగంలో లేచిన వాణిజ్య సముదాయానికి ‘సెంట్రల్ ఎంబసీ’ అని పేరు పెట్టారు. వీటన్నిటికంటె పాతది పోర్చుగీసు ఎంబసీ. అది 1820లో రెండో రామరాజు ఇచ్చిన నది ఒడ్డు స్థలంలో నేటికీ ఉంది. తెలియని కొత్తవారు ఏదో ఒక టాక్సీ ఎక్కి ‘ఎంబసీ’ అంటే ఆ దుకాణాల ముందు దించే ప్రమాదం ఉంది కాబట్టి, వీధి పేరు, దేశం పేరు రెండూ థాయ్‌లో రాయించి ఉంచుకోండి.

ఈసారి నేను ఏ తప్పూ జరగనివ్వలేదు. సూతిబత్ దిద్దిన ప్రతి, గకారం ఉన్న అనువాదం, కొత్త ముద్ర, పాస్‌పోర్టు నకలు, అన్నీ వరసగా పెట్టుకుని, పాపను, మా ఆవిడను కూడా వెంటబెట్టుకుని వెళ్లాను. మార్చి నెలాఖరు ఎండ మండిపోతోంది. కౌంటర్ దగ్గరి వియత్నాం ఉద్యోగి కాగితం వెనక్కి తిప్పాడు, ముద్ర చూశాడు, లోపలికి వెళ్లి ఏదో ఫైలుతో పోల్చుకుని వచ్చాడు. నాలుగు రోజుల తరవాత రమ్మన్నాడు.

ఆ నాలుగో రోజు మధ్యాహ్నం, పత్రం ఇవ్వడానికి అతను పాప పేరునే బిగ్గరగా పిలిచాడు. వియత్నాం భాషలో మన గకారానికి దగ్గరగా ఉండే ధ్వని ఉంది. తొమ్మిది నెలలుగా ఆసుపత్రిలో, ఖేత్‌లో, చెంగ్ వత్తనలో, మా వీధిలో, అందరూ ఖకారంతోనే పిలిచిన పేరు, ఆ కిటికీ వెనక నుంచి మా నానమ్మ పేరుగా వినిపించింది. మా ఆవిడ నా వైపు చూసింది. నేను వెళ్లి సంతకం చేసి కాగితం తీసుకున్నాను.